వేల్స్‌కు కప్పు తెచ్చిన ఫ్రెడ్ కీనార్: ఒక కెరీర్, దాని చుట్టూ ఉన్న నిబంధనలు

2027 ఏప్రిల్ 23కి సరిగ్గా నూరేళ్లు నిండుతాయి. 1927లో ఆ రోజు లండన్‌లోని వెంబ్లీ మైదానంలో, వేల్స్‌కు చెందిన కార్డిఫ్ సిటీ ఫుట్‌బాల్ జట్టు ఆర్సెనల్‌ను 1–0తో ఓడించి, ఇంగ్లండ్ ఫుట్‌బాల్ సంఘం నడిపే ఎఫ్ఏ కప్పును వేల్స్‌కు పట్టుకెళ్లింది. ఆ కప్పు ఇంగ్లండ్ సరిహద్దు దాటింది ఇప్పటివరకూ ఆ ఒక్కసారే. ఐదో జార్జ్ రాజు చేతుల మీదుగా దాన్ని అందుకున్న కెప్టెన్ ఫ్రెడ్ కీనార్.

నూరేళ్లు దగ్గరపడేకొద్దీ అతని పేరు మళ్లీ వినబడుతోంది, దాంతోపాటే కొన్ని చిక్కుముడులు కూడా. వేల్స్ క్లబ్బు ఇంగ్లండ్ కప్పులో ఎందుకు ఆడింది? 1924లో ఇంగ్లండ్ లీగ్‌లో పాయింట్లు సమానంగా ఉండి, గోల్స్ ఒకటి ఎక్కువే కొట్టినా కార్డిఫ్ ఛాంపియన్ ఎందుకు కాలేదు? పన్నెండేళ్లకు పైగా దేశానికి ఆడినవాడి ఖాతాలో అంతర్జాతీయ మ్యాచ్‌లు 32 మాత్రమే ఎందుకున్నాయి? కప్పు గెలిచిన కెప్టెన్ ఆట ముగిశాక కోళ్లు పెంచుకుంటూ ఎందుకు బతకాల్సి వచ్చింది? వీటిలో ఏదీ అదృష్టం, దురదృష్టం అని తీసేసే సంగతి కాదు. ఒక్కోదాని వెనక ఒక్కో నిబంధన ఉంది. అవి తెలియకుండా కీనార్ కెరీర్‌ను ఈనాటి కొలతలతో కొలిస్తే లెక్క తప్పుతుంది.

వేల్స్ క్లబ్బు ఇంగ్లండ్ లీగ్‌లో ఎలా ఉంది?

బ్రిటన్‌లో ఫుట్‌బాల్‌కు ఒకే సంఘం లేదు. ఇంగ్లండ్, స్కాట్లండ్, వేల్స్, ఐర్లండ్ దేనికదే. వేల్స్ సంఘం 1876లో పుట్టింది. జాతీయ జట్టు, వెల్ష్ కప్పు దాని చేతిలో ఉండేవి. కానీ వేల్స్ మొత్తానికి ఒక లీగ్ మాత్రం 1992 వరకూ రాలేదు. ఉత్తర వేల్స్ నుంచి దక్షిణానికి కొండలు దాటి రావడం కన్నా, అటూ ఇటూ ఉన్న ఇంగ్లండ్ ఊళ్లకు రైలెక్కడం తేలిక. అందుకే కాస్త బలం పుంజుకున్న వెల్ష్ క్లబ్బులు ఇంగ్లండ్ పోటీల్లో చేరాయి.

కార్డిఫ్ సిటీ కూడా అదే దారిలో నడిచింది. 1899లో రివర్‌సైడ్ అనే క్రికెట్ క్లబ్బు సభ్యులు చలికాలంలో కలిసి ఆడుకోవడానికి పెట్టుకున్న జట్టు ఇది. 1910లో ప్రొఫెషనల్‌గా మారి సదరన్ లీగ్‌లో చేరింది. చెత్త పోసే స్థలాన్ని చదును చేసి నినియన్ పార్క్ మైదానం కట్టుకుంది. 1920లో ఫుట్‌బాల్ లీగ్ రెండో డివిజన్‌లో చోటు దొరికింది. మొదటి సీజన్‌లోనే పైకెక్కి 1921లో మొదటి డివిజన్‌కు చేరుకుంది.

కాబట్టి ‘ఇంగ్లండ్ కప్పు’ అన్న మాట సగమే నిజం. ఎఫ్ఏ కప్పును నడిపేది ఇంగ్లండ్ సంఘమే అయినా, వేల్స్ క్లబ్బులకు అందులో చోటుంది. క్లబ్బు ఆడే పోటీ వేరు, ఆటగాడు ఆడే దేశం వేరు. కీనార్ శనివారం ఇంగ్లండ్ లీగ్‌లో ఆడి, మరో వారం వేల్స్ తరఫున ఇంగ్లండ్ మీదే ఆడేవాడు.

కార్డిఫ్ కుర్రాడు, కాలిలో పేలుడు ముక్క

కీనార్ 1894 జులై 31న కార్డిఫ్‌లోనే పుట్టాడు. ఇది చిన్న సంగతేం కాదు. ఆ క్లబ్బు పెద్దదైన కాలంలో జట్టు నిండా స్కాట్లండ్, ఐర్లండ్ నుంచి కొని తెచ్చినవాళ్లే ఉండేవారు. ఊళ్లో పుట్టినవాడు నాయకుడు కావడం అరుదు. స్కూల్లో ఉండగానే వేల్స్ బాలుర జట్టుకు ఆడాడు. 1912లో కార్డిఫ్ సిటీలో చేరాడు, 1913 చివర్లో మొదటి జట్టులోకి వచ్చాడు.

కుదురుకునే లోపే మొదటి ప్రపంచ యుద్ధం మొదలైంది. ఫుట్‌బాల్ ఆటగాళ్ల కోసం లండన్‌లో ఒక ప్రత్యేక దళం ఏర్పాటైంది. దాని పేరు 17వ మిడిల్‌సెక్స్ బెటాలియన్. కీనార్ 1915 ఫిబ్రవరిలో అందులో చేరాడు. 1916 జులైలో సోమ్ యుద్ధంలో, డెల్‌విల్ వుడ్ అనే అడవి దగ్గర పేలుడు ముక్క ఎడమ కాలిలో దిగబడింది. వయసు అప్పటికి 22 నిండుతోంది. నెలల తరబడి ఆస్పత్రిలో ఉన్నాడు. అదే చోట అదే దళానికి చెందిన మేజర్ ఫ్రాంక్ బక్లీ కూడా గాయపడ్డాడు. ఈ పేరు చివర్లో మళ్లీ వస్తుంది.

ప్రొఫెషనల్ ఆటగాడికి 20 నుంచి 25 ఏళ్ల మధ్య కాలమే మొలకెత్తే కాలం. కీనార్‌కు ఆ కాలంలో చాలా భాగం యుద్ధంలోనే పోయింది. వేల్స్ తరఫున అతని మొదటి అధికారిక మ్యాచ్ 1920 ఫిబ్రవరిలో, ఐర్లండ్ మీద. అప్పటికి అతనికి 25 ఏళ్లు దాటాయి. 1919లో ఇంగ్లండ్‌తో జరిగిన విజయోత్సవ మ్యాచ్‌లను అధికారికంగా లెక్కలోకి తీసుకోరు.

0.024: ఛాంపియన్‌షిప్ పోయిన లెక్క

ఇప్పుడు అసలు చిక్కుముడికి వద్దాం. 1923–24 సీజన్ చివరి రోజు, మే 3. కార్డిఫ్‌కు 56 పాయింట్లు, హడర్స్‌ఫీల్డ్ టౌన్‌కు 55. ఆ రోజుల్లో గెలుపుకు రెండు పాయింట్లు, డ్రాకు ఒకటి. కార్డిఫ్ గెలిస్తే ఇంకో మాట లేదు, టైటిల్ దానిదే.

కార్డిఫ్ బర్మింగ్‌హామ్‌లో ఆడుతోంది. స్కోరు 0–0 ఉండగా పెనాల్టీ దొరికింది. ఆ సీజన్‌లో క్లబ్బు తరఫున ఎక్కువ గోల్స్ కొట్టిన లెన్ డేవిస్ ముందుకొచ్చాడు. కొట్టిన బంతిని బర్మింగ్‌హామ్ గోల్‌కీపర్ ట్రెమెలింగ్ ఆపేశాడు. మ్యాచ్ 0–0గానే ముగిసింది. అటు హడర్స్‌ఫీల్డ్ తమ మైదానంలో నాటింగ్‌హామ్ ఫారెస్ట్‌ను 3–0తో ఓడించింది. ఇద్దరికీ 57 పాయింట్లు.

సమానంగా నిలిస్తే ఏం చెయ్యాలి? ఐపీఎల్ పట్టికలో నెట్ రన్‌రేట్ చూసినట్టే, అప్పుడు ‘గోల్ యావరేజ్’ చూసేవారు. పేరు సగటు అని ఉన్నా నిజానికి అది నిష్పత్తి: కొట్టిన గోల్స్‌ను ఇచ్చుకున్న గోల్స్‌తో భాగించాలి.

హడర్స్‌ఫీల్డ్: 60 కొట్టి 33 ఇచ్చుకుంది. 60 ÷ 33 = 1.818
కార్డిఫ్: 61 కొట్టి 34 ఇచ్చుకుంది. 61 ÷ 34 = 1.794

తేడా 0.024. 42 మ్యాచ్‌ల సీజన్ ఆ వెంట్రుకవాసి దగ్గర తేలిపోయింది.

ఇక్కడ చాలామంది పొరబడే చోటు ఒకటుంది. ఈనాటి ‘గోల్ తేడా’ పద్ధతిలో లెక్కిస్తే ఇద్దరికీ +27 వస్తుంది. అప్పుడు ఎక్కువ గోల్స్ ఎవరు కొట్టారో చూస్తారు: 61, 60. కార్డిఫ్ ఛాంపియన్. అంటే అదే ఫలితాలు, అవే గోల్స్, నిబంధన ఒక్కటి మారితే ట్రోఫీ చేతులు మారుతుంది.

నిష్పత్తి ఎందుకలా ప్రవర్తిస్తుందో అదే రోజు ఆటలో చూడొచ్చు. మూడు ఊహలు వేసి చూద్దాం.

మొదటిది: హడర్స్‌ఫీల్డ్ 3–0 బదులు 2–0తో గెలిచి ఉంటే? 59 ÷ 33 = 1.788. కార్డిఫ్ 1.794 కన్నా తక్కువ. టైటిల్ కార్డిఫ్‌ది. అంటే పెనాల్టీ ఎంత విలువైనదో, హడర్స్‌ఫీల్డ్ కొట్టిన మూడో గోల్ కూడా అంతే విలువైనది. ఈ సంగతి చెప్పేవాళ్లు తక్కువ, లెన్ డేవిస్‌ను తప్పుపట్టేవాళ్లు ఎక్కువ.

రెండోది: పెనాల్టీ గోల్ అయ్యి, తర్వాత బర్మింగ్‌హామ్ కూడా ఒకటి కొట్టి 1–1తో ముగిసి ఉంటే? 62 ÷ 35 = 1.771. అంటే 0–0 కన్నా 1–1 నష్టం. నిష్పత్తిలో ఒక గోల్ ఇచ్చుకోవడం ఒక గోల్ కొట్టడం కన్నా ఎక్కువ బరువు తూగుతుంది, జట్టు నిష్పత్తి ఒకటి కన్నా పైనున్నంత వరకూ.

మూడోది: పెనాల్టీ గోల్ అయ్యి 1–0తో నిలిచి ఉంటే? అప్పుడు నిష్పత్తితో పనే లేదు, కార్డిఫ్‌కు 58 పాయింట్లు వస్తాయి.

అయితే గోల్ యావరేజ్ వల్ల కార్డిఫ్‌కు అన్యాయం జరిగిందా? రెండు వైపులా వాదనలున్నాయి. దాన్ని సమర్థించేవాళ్లు, గట్టి డిఫెన్స్‌ను అది గౌరవించిందని, అదే నిబంధన సీజన్ మొదటి నుంచీ అందరికీ తెలుసని అంటారు. గోల్ తేడా నిబంధన ఉండుంటే హడర్స్‌ఫీల్డ్ కూడా చివరి రోజు ఇంకో గోల్ కోసం మరోలా ఆడేదేమో కూడా. కాదనేవాళ్లు, దశాంశ స్థానాల మీద టైటిల్ తేల్చే పద్ధతి దాడి చేసే జట్లను శిక్షిస్తుందని, సామాన్య ప్రేక్షకుడికి మైదానంలో నిలబడి లెక్క కట్టడం సాధ్యం కాదని అంటారు. నా ఉద్దేశంలో ‘కార్డిఫ్ నుంచి దోచుకున్నారు’ అనడం సరికాదు. తెలిసిన నిబంధన కింద ఓడిపోయారు. కానీ ఆ నిబంధన మంచిదని కూడా అనలేం.

ఇంకో మాట. మూడేళ్ల ముందు, 1921లో, రెండో డివిజన్‌లో బర్మింగ్‌హామ్, కార్డిఫ్‌లకు ఇలాగే సమానంగా 58 పాయింట్లు వచ్చి, గోల్ యావరేజ్ మీద బర్మింగ్‌హామ్ మొదటి స్థానం పట్టుకెళ్లింది. అప్పుడు ఇద్దరికీ ప్రమోషన్ వచ్చింది కాబట్టి ఎవరూ బాధపడలేదు.

32 క్యాపులు: తక్కువా, ఎక్కువా?

అంతర్జాతీయ మ్యాచ్ ఆడిన ప్రతి ఆటగాడికీ గుర్తుగా టోపీ ఇచ్చే అలవాటు నుంచి ‘క్యాప్’ అన్న మాట వచ్చింది. ఈ రోజుల్లో వంద క్యాపులు దాటినవాళ్లు చాలామందే ఉన్నారు కాబట్టి 32 చిన్నగా కనిపిస్తుంది.

కానీ అప్పటి వేల్స్‌కు ఏడాదికి మూడే మ్యాచ్‌లు: ఇంగ్లండ్, స్కాట్లండ్, ఐర్లండ్‌తో ఒక్కొక్కటి. బ్రిటన్ సంఘాలు 1928లో ఫిఫా నుంచి బయటకొచ్చి 1946 దాకా తిరిగి చేరలేదు, అందువల్ల 1930 ప్రపంచకప్‌లో వేల్స్ లేదు. బ్రిటన్ బయటి దేశంతో వేల్స్ తొలిసారి ఆడింది 1933లో, పారిస్‌లో, ఫ్రాన్స్ మీద. కీనార్ చివరి మ్యాచ్ 1932లో. అంటే ఆ కాలమంతా కలిపి 14 సీజన్లు, సీజన్‌కు మూడు చొప్పున 42 మ్యాచ్‌లు. వాటిలో 32, అంటే నాలుగింట మూడు వంతులకు పైగా అతను ఆడాడు. కాలికి గాయమైన సైనికుడు 38 ఏళ్ల వయసు దాకా ఇలా నిలిచాడంటే అది పెద్ద సంఖ్యే.

వాటిలో 1924 ప్రత్యేకమైనది. ఫిబ్రవరి 16న నినియన్ పార్క్‌లో వేల్స్ స్కాట్లండ్‌తో తలపడింది. వేల్స్ కెప్టెన్ కీనార్. స్కాట్లండ్ కెప్టెన్ జిమ్మీ బ్లెయిర్. ఇద్దరూ కార్డిఫ్ సిటీ ఆటగాళ్లే, ఆ మైదానం కూడా వాళ్ల క్లబ్బుదే. వేల్స్ 2–0తో గెలిచింది, రెండు గోల్స్ కొట్టిన విల్లీ డేవిస్, లెన్ డేవిస్ కూడా ఆ క్లబ్బు వాళ్లే. తర్వాత మార్చిలో బ్లాక్‌బర్న్‌లో ఇంగ్లండ్‌ను 2–1తో, బెల్‌ఫాస్ట్‌లో ఐర్లండ్‌ను 1–0తో ఓడించి మూడుకు మూడూ గెలిచి ఈ నాలుగు జట్ల వార్షిక పోటీ టైటిల్ తీసుకుంది. ఆ ఐర్లండ్ మ్యాచ్‌లో గోల్ మోజెస్ రస్సెల్ కొట్టిన పెనాల్టీ. అదే వసంతంలో దేశానికి పెనాల్టీ కలిసొచ్చింది, క్లబ్బుకు కలిసి రాలేదు.

‘సెంటర్ హాఫ్’ అంటే అప్పుడు వేరే అర్థం

కీనార్‌ను పాత రికార్డుల్లో ‘హాఫ్ బ్యాక్’ అని రాస్తారు. ఇద్దరు ఫుల్ బ్యాకులు వెనక, ముగ్గురు హాఫ్ బ్యాకులు మధ్యలో, ఐదుగురు ఫార్వర్డ్‌లు ముందు. ఆ ముగ్గురిలో నడుమ నిలబడేవాడు సెంటర్ హాఫ్. ఇప్పటి సెంటర్ బ్యాక్ కాదు, దాడికీ రక్షణకూ మధ్య వంతెన లాంటివాడు. కీనార్ కుడి వైపూ ఆడాడు, మధ్యలోనూ ఆడాడు. బంతి దొంగిలించడంలో, మనిషిని అడ్డగించడంలో గట్టివాడు. సొగసైన ఆటగాడు అని ఎవరూ రాయలేదు.

1925లో ఆఫ్‌సైడ్ నిబంధన మారింది. అంతకుముందు ముందున్న ఆటగాడికీ గోల్ లైనుకూ మధ్య ముగ్గురు ప్రత్యర్థులు ఉండాలి. ఇప్పుడు ఇద్దరుంటే చాలు. ఒక్క ఫుల్ బ్యాక్ ముందుకు జరిగి ఆఫ్‌సైడ్ పట్టేసే పాత ఎత్తు ఇక పారలేదు, గోల్స్ ఒక్కసారిగా పెరిగాయి. దాంతో జట్లు సెంటర్ హాఫ్‌ను వెనక్కి లాగి ఫుల్ బ్యాకుల మధ్య మూడో గోడగా నిలబెట్టసాగాయి. ఈ మార్పును పూర్తిగా పండించుకున్నది హెర్బర్ట్ చాప్‌మన్ నడిపిన ఆర్సెనల్. అంతకుముందు, 1924లో కార్డిఫ్‌ను వెంట్రుకవాసిలో దాటిన హడర్స్‌ఫీల్డ్‌ను నడిపింది కూడా ఇదే చాప్‌మన్.

1927 ఫైనల్: చంకలోంచి జారిన బంతి

కార్డిఫ్‌కు ఇది రెండో ఫైనల్. 1925లో షెఫీల్డ్ యునైటెడ్ చేతిలో 0–1తో ఓడింది. 1926–27 సీజన్ కీనార్‌కు బాగా మొదలవ్వలేదు. జట్టులో చోటు పోయింది, వేరే క్లబ్బుకు పంపమని తనే అడిగాడు. లీగ్‌లో కార్డిఫ్ జారిపోతుండటంతో మళ్లీ పిలిచారు. ఆ తర్వాత కప్పులో ఆస్టన్ విల్లా, డార్లింగ్టన్, బోల్టన్, డ్రా అయ్యి మళ్లీ ఆడిన మ్యాచ్‌లో చెల్సీ, సెమీస్‌లో రెడింగ్ ఒక్కొక్కటే పక్కకు తప్పుకున్నాయి.

ఫైనల్‌కు 91 వేలకు పైగా జనం వచ్చారు. ఎఫ్ఏ కప్ ఫైనల్ రేడియోలో ప్రత్యక్షంగా వినిపించింది కూడా అదే మొదటిసారి. వినేవాళ్లకు బంతి ఎక్కడుందో తెలియడానికి మైదానాన్ని గళ్లుగా విడగొట్టి అంకెలేసిన బొమ్మను ముందే అచ్చువేశారు. వ్యాఖ్యాత మాట మధ్యలో మరొకరు గడి నంబరు చెప్పేవారు.

74వ నిమిషం. కార్డిఫ్ స్ట్రైకర్ హ్యూయీ ఫెర్గూసన్ దూరం నుంచి నేలబారుగా కొట్టాడు. దెబ్బలో పెద్ద బలం లేదు. ఆర్సెనల్ కీపర్ డాన్ లూయిస్ మోకాలి మీద వంగి బంతిని గుండెకు హత్తుకున్నాడు. అది చేయి కింది నుంచి జారింది. పట్టుకోబోతూ వెనక్కి తిరగ్గానే మోచేయి తగిలి బంతి మెల్లగా గీత దాటింది. లెన్ డేవిస్ ఎదురుగా దూసుకొస్తున్నాడు. మూడేళ్ల క్రితం పెనాల్టీ పోగొట్టిన ఆ డేవిసే.

లూయిస్ కూడా వెల్ష్ వాడే, రోండా లోయలోని మార్డీ ఊరివాడు. అప్పట్లో సొంత మనుషుల కోసం కావాలనే వదిలాడని గుసగుసలు లేచాయి. దానికి ఏ ఆధారమూ లేదు. కొత్త ఉన్ని జెర్సీ మీది జిడ్డు వల్ల బంతి జారిందని ఆర్సెనల్ చెప్పుకుంది. కీపర్ జెర్సీని ఉతికాకే ఫైనల్‌లో వేసుకోవాలనే ఆచారం అక్కడ ఆనాటి నుంచి వచ్చిందంటారు. బంతికి సుడి ఉందనేవాళ్లూ ఉన్నారు. పరిగెత్తి వస్తున్న ఫార్వర్డ్‌ను కంటితో చూస్తూ జారే బంతిని పట్టబోతే ఏ కీపర్‌కైనా అలా జరగొచ్చు, దానికి కుట్ర అక్కర్లేదు.

‘వేల్స్ గెలిచింది’ అన్న మాటను కూడా కాస్త విప్పి చూడాలి. ఆ రోజు కార్డిఫ్ పదకొండు మందిలో వెల్ష్ వాళ్లు ముగ్గురే: కీనార్, ఎర్నీ కర్టిస్, లెన్ డేవిస్. నలుగురు ఐర్లండ్, ముగ్గురు స్కాట్లండ్, ఒకడు ఇంగ్లండ్. అవతల ఆర్సెనల్‌లో కూడా లూయిస్, బాబ్ జాన్ వెల్ష్ వాళ్లు. ఆటగాళ్ల పుట్టుకతో లెక్కిస్తే ఇది వేల్స్ జట్టు కాదు. కానీ మ్యాచ్‌కు టికెట్ కొన్నవాళ్లను, తిరిగొచ్చాక కార్డిఫ్ వీధులు నింపినవాళ్లను చూస్తే ఇంకో లెక్క. అంతకు ఐదు నెలల ముందే, 1926 నవంబర్‌తో, దక్షిణ వేల్స్ గని కార్మికుల సుదీర్ఘ లాకౌట్ ఓటమితో ముగిసింది. ఇళ్లలో అప్పులు మిగిలాయి. ఆ జనానికి ఊరివాడైన కెప్టెన్ చేతిలో కప్పు కనిపించింది. వాళ్లు దాన్ని తమదే అనుకున్నారు, అనుకునే హక్కు వాళ్లకుంది.

ఏడాదికి 386 పౌండ్లు: గరిష్ఠ జీతం ఎలా పనిచేసేది?

కెప్టెన్ కోళ్లఫారం దాకా ఎందుకు వెళ్లాడో ఈ లెక్కలో ఉంది. ఫుట్‌బాల్ లీగ్‌లో ఏ ఆటగాడికైనా ఇంతకు మించి ఇవ్వకూడదని ఒక పరిమితి ఉండేది. 1922 నుంచి అది ఆట నడిచే 37 వారాలకు వారానికి 8 పౌండ్లు, వేసవి 15 వారాలకు వారానికి 6 పౌండ్లు.

37 × 8 = 296
15 × 6 = 90
మొత్తం 386 పౌండ్లు.

గెలిస్తే 2 పౌండ్లు, డ్రాకు 1 పౌండు బోనస్. అంటే సరిగ్గా పాయింటుకో పౌండు. 1923–24లో కార్డిఫ్ 22 గెలిచి 13 డ్రా చేసుకుంది కాబట్టి, ప్రతి మ్యాచ్ ఆడినవాడికి గరిష్ఠంగా 57 పౌండ్లు. అన్నీ కలిపి 443. నైపుణ్యమున్న కార్మికుడికి వారానికి మూడు పౌండ్లు, ఆ చుట్టుపక్కల వచ్చే కాలంలో ఇది మంచి సంపాదనే. కానీ గుర్తుంచుకోవాల్సినవి మూడు. ఇది గరిష్ఠం, అందరికీ వచ్చేది కాదు. ఏటేటా పెరిగేది కాదు, కెప్టెన్ అయినా కప్పు గెలిచినా అంతే. పైగా మోకాలు పాడైనా, వయసు మీదపడినా ఆ రోజుతో ఆగిపోతుంది.

దీనికి జోడీగా ‘రిటైన్ అండ్ ట్రాన్స్‌ఫర్’ అనే పద్ధతి ఉండేది. ఒప్పందం ఏడాదిదే. సీజన్ చివర క్లబ్బు ఒక జాబితా ఇస్తుంది: వీళ్లను అట్టేపెట్టుకుంటున్నాం, వీళ్లను ఇంత ధరకు అమ్ముతాం, వీళ్లను వదిలేస్తున్నాం. అట్టేపెట్టుకున్న జాబితాలో పేరుంటే, ఒప్పందం ముగిసినా ఆటగాడు లీగ్‌లో మరో క్లబ్బుకు వెళ్లలేడు. కొత్త జీతం నచ్చకపోతే ఇంట్లో కూర్చోవాలి. 1926లో కీనార్ వెళ్తానని అడిగినప్పుడు, నిర్ణయం అతనిది కాదు, క్లబ్బుది. 1912లో కింగబీ అనే ఆటగాడు దీనిమీద కోర్టుకెళ్లి ఓడిపోయాడు.

క్లబ్బుల వాదన ఇది: పరిమితి తీసేస్తే లండన్, ఉత్తర ఇంగ్లండ్ ధనిక క్లబ్బులు మంచివాళ్లందరినీ కొనేస్తాయి, చిన్న ఊళ్లు మిగలవు. కార్డిఫ్ లాంటి ఊరు ఆర్సెనల్‌ను ఓడించగలిగిందంటే ఈ పద్ధతి వల్లేనని అనడానికి కొంత ఆస్కారం ఉంది. ఆటగాళ్ల యూనియన్ వాదన మరొకటి. 1907లో మాంచెస్టర్‌లో మొదలైన ఆ యూనియన్ వెనక నిలిచినవాడు వేల్స్ దిగ్గజం బిల్లీ మెరెడిత్. అతను 45 ఏళ్ల వయసులో వేల్స్‌కు చివరి మ్యాచ్ ఆడిన సీజన్‌లోనే కీనార్ మొదటి మ్యాచ్ ఆడాడు. గేటు డబ్బు క్లబ్బుకు, బదిలీ ధర క్లబ్బుకు, శరీరం అరగదీసుకునేది మాత్రం ఆటగాడా అన్నది వాళ్ల ప్రశ్న.

అంకెలు పక్కపక్కన పెడితే ఆ ప్రశ్న బలం తెలుస్తుంది. 1925లో ఫెర్గూసన్‌ను మదర్‌వెల్ నుంచి కొనడానికి కార్డిఫ్ 5,000 పౌండ్లు ఇచ్చింది: ఒక ఆటగాడి పదమూడేళ్ల గరిష్ఠ జీతం. 1938లో వేల్స్ ఆటగాడు బ్రిన్ జోన్స్‌ను ఆర్సెనల్ 14,000 పౌండ్లకు కొంది. అప్పటికది రికార్డు, ముప్పై ఆరేళ్ల జీతం. అమ్మింది వుల్వర్‌హాంప్టన్ మేనేజర్ ఫ్రాంక్ బక్లీ, డెల్‌విల్ వుడ్‌లో కీనార్‌తోపాటు గాయపడ్డ ఆ మేజరే. మర్తిర్ టిడ్‌విల్ గనుల ఊరి నుంచి వచ్చిన బ్రిన్ జోన్స్‌కు ఆర్సెనల్‌లోనూ వారానికి 8 పౌండ్లు దాటి ఇవ్వడానికి వీల్లేదు.

1930: క్లబ్బులు ఆటగాళ్లను ఇవ్వకపోతే దేశం ఏం చేస్తుంది?

అంతర్జాతీయ మ్యాచ్‌లు అప్పుడు తరచూ శనివారాల్లో, లీగ్ మ్యాచ్‌లు జరిగే రోజునే జరిగేవి. ఇంగ్లండ్ లీగ్ క్లబ్బులు వేల్స్‌కు ఆటగాళ్లను పంపి తీరాలన్న బాధ్యత లేదు. జీతమిచ్చేది మేం, మ్యాచ్ ఓడితే నష్టపోయేది మేం అన్నది వాళ్ల మాట, అందులో అర్థముంది. కానీ వేల్స్ మంచి ఆటగాళ్లు దాదాపు అందరూ ఆ క్లబ్బుల్లోనే ఉన్నారు. ఇంకెక్కడి నుంచి తేవాలి?

1930 అక్టోబర్ 25న గ్లాస్గోలోని ఐబ్రాక్స్‌లో స్కాట్లండ్‌తో మ్యాచ్ వచ్చేసరికి చాలా క్లబ్బులు కుదరదన్నాయి. వేల్స్ సంఘం కార్యదర్శి టెడ్ రాబిన్స్ కింది డివిజన్ల నుంచి, లీగ్ బయటి జట్ల నుంచి, అమెచ్యూర్లలోంచి దొరికినవాళ్లను పోగు చేశాడు. తొమ్మిది మందికి అదే మొదటి మ్యాచ్. వాళ్లకు కెప్టెన్ 36 ఏళ్ల కీనార్. పత్రికలు వాళ్లను ‘అనామకులు’ అన్నాయి. స్కాట్లండ్ ఎన్ని గోల్స్ కొడుతుందన్నదే చర్చ.

ఆరో నిమిషంలో రెక్సమ్ స్ట్రైకర్ టామీ బామ్‌ఫర్డ్ వేల్స్‌కు గోల్ కొట్టాడు. స్కాట్లండ్ తరఫున బార్నీ బాటిల్స్ సమం చేశాడు. మిగతా సమయమంతా వేల్స్ గోల్ ముందు గోడ కట్టినట్టు ఆడింది. 1–1. కప్ ఫైనల్ కన్నా ఈ మ్యాచ్‌లోనే కీనార్ అసలు విలువ కనిపిస్తుందని నేను అనుకుంటాను: ఒకరినొకరు ఎరగని మనుషులను తొంభై నిమిషాల పాటు ఒక వరుసలో నిలబెట్టడం.

దిగుదారి

కార్డిఫ్ పతనం విచిత్రంగా మొదలైంది. 1928–29లో మొదటి డివిజన్ మొత్తంలో అతి తక్కువ గోల్స్ ఇచ్చుకున్న జట్టు కార్డిఫ్, 59. అయినా అట్టడుగున నిలిచి కిందికి జారింది, ఎందుకంటే కొట్టినవి 43 మాత్రమే. 1931లో మళ్లీ జారి మూడో డివిజన్‌కు చేరింది. బొగ్గు ఎగుమతి మీద బతికే రేవు పట్టణంలో బొగ్గు అమ్ముడుపోక, గేటు దగ్గర జనం పలచబడ్డారు. మంచి ఆటగాళ్లను అమ్మి రోజులు నెట్టుకొచ్చారు.

1931లోనే కీనార్ వెళ్లిపోయాడు. 19 ఏళ్ల బంధం, 350కి పైగా లీగ్ మ్యాచ్‌లు. క్రూ అలెగ్జాండ్రాలో మూడేళ్లు, తర్వాత ఆస్వెస్ట్రీ, టన్‌బ్రిడ్జ్ వెల్స్ లాంటి లీగ్ బయటి జట్లు. ఆ తర్వాత కెంట్‌లోని లాంబర్‌హర్స్ట్‌లో కోళ్ల పెంపకం. మధుమేహం పట్టుకుంది. చివరికి కార్డిఫ్‌కు తిరిగొచ్చి మామూలు కొలువు చేసుకుని 1972లో కన్నుమూశాడు. కప్పు ఎత్తి పట్టుకున్న అతని విగ్రహాన్ని 2012 నవంబర్‌లో కార్డిఫ్ సిటీ స్టేడియం బయట నిలబెట్టారు.

అతని కెరీర్‌ను కట్టిపడేసిన నిబంధనల్లో రెండు పోవడం అతను చూశాడు. గరిష్ఠ జీతం 1961 జనవరిలో రద్దయింది, అప్పటికి అతనికి 66 ఏళ్లు. ‘అట్టేపెట్టుకునే’ జాబితాను 1963లో జార్జ్ ఈస్ట్‌హామ్ కేసులో కోర్టు తప్పుపట్టింది. గోల్ యావరేజ్ మాత్రం అతను పోయిన నాలుగేళ్లకు, 1976–77 సీజన్‌తో, గోల్ తేడాకు చోటిచ్చి తప్పుకుంది.